పోషణకూ ఒక అదనుంది

వరిపొలంలో జింకు లోపించినపుడు ఏమి జరుగుతుందో ఈ పత్రిక చదివే రైతు సోదరులకు, ఎరువుల డీలర్లకు వేరే చెప్పనవసరం లేదు. నాటిన కొద్ది వారాలకే ఆకుల మీద తుప్పురంగు మచ్చలు కనిపిస్తాయి. దుబ్బు కట్టదు. పైరు ఎదగక గిడసబారుతుంది. అటువంటి పొలానికి ఎన్ని బస్తాల యూరియా చల్లినా ప్రయోజనం ఉండదు. లోపించినది జింకు గనుక జింకే వేయాలి. వరిలో వచ్చే ఖైరా తెగులుకు మూలం జింకు లోపమేనని 1966లో పంత్‌నగర్‌లో డాక్టర్ వై.ఎల్. నెనే నిరూపించారు. ఆ తరువాతనే దుక్కిలో ఎకరాకు 20 కిలోల జింకు సల్ఫేటు వేయడం, పైరు మీద కనిపిస్తే లీటరు నీటికి 2 గ్రాముల చొప్పున కలిపి పిచికారీ చేయడం మన రైతులకు అలవాటయ్యాయి. ఖర్చు స్వల్పం, ఫలితం ఘనం. అయితే అదను దాటిన తరువాత, కంకి వేసిన పైరుకు అదే జింకు ఎంత వేసినా పోయిన దిగుబడి తిరిగి రాదు.

పైరు విషయంలో ఇంత చక్కగా తెలిసిన ఈ సూత్రాన్ని మన ఇంటి పసిబిడ్డ విషయంలో, గర్భిణి అయిన కోడలి విషయంలో మనం పాటిస్తున్నామా? లేదనే చెప్పవలసి వస్తున్నది. కడుపు నిండా అన్నం పెడుతున్నాం కదా, ఇంకేమి కావాలని అనుకుంటున్నాం. యూరియా వేశాం కదా అనుకున్న రైతు లెక్క వంటిదే ఈ లెక్క కూడా.

కడుపు నిండినా తీరని ఆకలి

2019–21లో జరిగిన అయిదవ జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం, మన దేశంలో 6 నెలల నుంచి 5 సంవత్సరాల లోపు పిల్లలలో 67.1 శాతం మందికి రక్తహీనత ఉంది. 15 నుంచి 49 సంవత్సరాల వయస్సు గల స్త్రీలలో అది 57 శాతం. ఆంధ్రప్రదేశ్‌లో స్త్రీలలో 58.8 శాతం, తెలంగాణలో 57.6 శాతం. దేశంలో అయిదేళ్లలోపు పిల్లలలో 35.5 శాతం మంది వయస్సుకు తగిన ఎత్తు లేరు. ఆంధ్రప్రదేశ్‌లో ఇది 31.2 శాతం, తెలంగాణలో 33.1 శాతం.

ఈ అంకెలు కరువు సీమలకు మాత్రమే చెందినవని భ్రమపడవద్దు. కృష్ణా, గోదావరి నీరు పారే గ్రామాలలోనూ, ధాన్యం బస్తాలు గడపలో నిలువ ఉన్న ఇండ్లలోనూ రక్తహీనత ఉంది. బియ్యం శక్తినిస్తుంది. కాని శరీరానికి కావలసినంత ఇనుము, విటమిన్ ఎ, కాల్షియం పాలిష్ పట్టిన బియ్యంలో లేవు. ఆకుకూర, పప్పు, గుడ్డు, పాలు, చేప, రాగి, జొన్న కంచంలోకి రానంతవరకు ఆ కొరత తీరదు. అదే సర్వేలో 6 నుంచి 23 నెలల వయస్సు గల పిల్లలలో తగినంత ఆహారం, తగినన్ని రకాలుగా అందుతున్నవారు 11.3 శాతం మాత్రమేనని తేలింది. అంటే పదిమంది పసివారిలో దాదాపు తొమ్మిదిమందికి సరియైన ఆహారం అందడం లేదు.

ఆదాయం పెరిగితే పోషణ దానంతటదే మెరుగుపడుతుందని చాలామంది నమ్మకం. ఆదాయం అవసరమే, దానిని కాదనలేం. కాని చేతికి వచ్చిన రూపాయి ముందుగా కంచం వైపు నడవదు. అది అప్పు వాయిదాకు, విత్తనాలకు, పెండ్లి ఖర్చుకు, సెల్‌ఫోనుకు నడుస్తుంది. ఒకవేళ కంచంలోకి వచ్చినా, ఆ కంచం ఇంటి యజమానిదే అవుతున్నది గాని అందరికన్నా చివర భోజనానికి కూర్చునే ఇల్లాలిది కావడం లేదు. కాబట్టే ఎవరికి లోపం ఉన్నదో వారికే, ఏది లోపించినదో అదే, ఏ వయస్సులో అవసరమో అప్పుడే అందించే కార్యక్రమాలు కావాలి. గురి చూసి చేసే ఈ పోషణనే నేటి నిపుణులు లక్షిత పోషణ అంటున్నారు.

గురి తప్పని పనికి నిదర్శనాలు

ఇది మాటలతో సరిపెట్టే సిద్ధాంతం కాదు. మన దేశంలోనే దీనికి నిదర్శనాలున్నాయి. శ్రీకాకుళంలో జన్మించిన వైద్య శాస్త్రవేత్త డాక్టర్ వులిమిరి రామలింగస్వామి 1956లో హిమాలయ పర్వత సానువులలోని కాంగ్రా లోయలో ఒక పరిశోధన ప్రారంభించారు. అక్కడ గొంతు కింద వాపు, అంటే గాయిటర్ వ్యాధి, విపరీతంగా ఉండేది. లోయను మూడు ప్రాంతాలుగా విభజించి, రెండింటిలో అయోడిన్ కలిపిన ఉప్పును, ఒకదానిలో మామూలు ఉప్పును సరఫరా చేయించారు. కొన్నేళ్ల తరువాత పరిశీలించగా అయోడిన్ ఉప్పు తిన్న ప్రాంతాల పిల్లలలో వ్యాధి బాగా తగ్గింది. మామూలు ఉప్పు తిన్న ప్రాంతంలో చెప్పుకోదగిన మార్పు లేదు. ఆ ఫలితమే 1962లో జాతీయ గాయిటర్ నియంత్రణ కార్యక్రమానికి పునాది అయింది. అయోడిన్ లోపం వాపుతో ఆగదు. గర్భంలోని శిశువు మెదడు ఎదుగుదలను కూడా దెబ్బతీస్తుంది. ఒక మనిషికి రోజుకు కావలసిన అయోడిన్ 150 మైక్రోగ్రాములు మాత్రమే. ఆవగింజలో చిన్న వంతుకు కూడా విలువ ఉంటుందని దీనిని చూస్తే అర్థమవుతుంది.

రెండవ నిదర్శనం మన ఇంటి ముంగిటిదే. హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ 1987–90 సంవత్సరాల మధ్య నగర సమీపంలోని 29 గ్రామాలలో ఒక అధ్యయనం నిర్వహించింది. వాటిలో 15 గ్రామాల గర్భిణులకు, చిన్న పిల్లలకు సమగ్ర శిశు అభివృద్ధి పథకం కింద అనుబంధ పోషకాహారం అందింది. మిగిలిన 14 గ్రామాలకు ఆ పథకం అప్పటికింకా రాలేదు. ఆనాటి పిల్లలు 13–18 సంవత్సరాల వయస్సుకు వచ్చిన తరువాత, 2003–05లో, శాస్త్రజ్ఞులు వారిని మరల వెదకి పరీక్షించారు. ఆహారం అందిన గ్రామాల పిల్లలు సగటున 14 మిల్లీమీటర్లు ఎక్కువ ఎత్తు ఉన్నారు. వారి రక్తనాళాలు తక్కువ బిరుసుగా ఉన్నాయి. శరీరంలో ఇన్సులిన్ పనితీరు మెరుగుగా ఉంది. 14 మిల్లీమీటర్లు కొలబద్ద మీద చిన్న గీతే. కాని పిడికెడు ఆహారం ప్రభావం పదిహేనేళ్ల తరువాత గుండె, రక్తనాళాల ఆరోగ్యంలో కనిపించిందంటే, ఆ పిడికెడు ఎంత అదనుకు పడిందో ఊహించండి. షుగరు జబ్బు, గుండెజబ్బు మన పల్లెలకు కూడా వచ్చిచేరిన ఈ రోజులలో ఈ ఫలితం మరింత ఆలోచించదగినది.

మూడవది దూరదేశమైన గ్వాటెమాలాకు చెందినది. అక్కడి నాలుగు గ్రామాలలో 1969 నుంచి 1977 వరకు పసిపిల్లలకు అనుబంధ ఆహారం ఇచ్చారు. రెండు గ్రామాలలో మాంసకృత్తులు అధికంగా ఉన్న జావ, మిగిలిన రెండింటిలో మాంసకృత్తులు లేని తీపి పానీయం ఇచ్చారు. ఆ పిల్లలు పెరిగి పెద్దవారై సంపాదించే వయస్సుకు వచ్చాక జరిపిన అధ్యయనం 2008లో ప్రచురితమైంది. రెండేళ్లలోపు వయస్సులో జావ తాగిన మగపిల్లలు పెద్దవారైన తరువాత గంటకు సంపాదించే కూలి, తీపి పానీయం తాగినవారి కూలి కన్నా 46 శాతం ఎక్కువగా ఉన్నట్లు తేలింది. మూడేళ్లు దాటిన తరువాత తాగినవారిలో ఆ లాభం కనిపించలేదు. అదను అంటే ఇదే.

ఈ మాట బ్యాంకు పత్రికలో ఎందుకు?

పోషకాహారం సంగతి వైద్యులు, అంగన్‌వాడీ కార్యకర్తలు చూసుకుంటారు, ఋణాల పత్రికలో ఈ ప్రస్తావన ఎందుకని మీరు అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. సమాధానం కూడా ఋణ భాషలోనే చెప్పుకుందాం. గర్భం దాల్చిన రోజు నుంచి బిడ్డకు రెండేళ్లు నిండేవరకు సుమారు 1,000 రోజులు. ఈ కాలంలో పెట్టిన పెట్టుబడికి వచ్చే ప్రతిఫలం జీవితాంతం వస్తూనే ఉంటుంది. ఈ కాలంలో జరిగిన లోపాన్ని తరువాత ఏ ఋణంతోనూ, ఏ మాఫీతోనూ పూడ్చలేం. రక్తహీనత గల మనిషి నాట్లు వేసినా, కలుపు తీసినా త్వరగా అలసిపోతుంది. కాన్పు సమయంలో రక్తం తక్కువై పట్నం ఆసుపత్రికి పరుగెత్తవలసి వస్తే, ఆ రాత్రి తెచ్చిన చేబదులు వడ్డీ రేటు మీకు తెలియనిది కాదు. ఋణం ఎగవేయాలనే ఉద్దేశం లేని కుటుంబం కూడా వాయిదా తప్పడానికి జబ్బు ఖర్చే కారణమైన సందర్భాలు ప్రతి గ్రామంలోనూ ఉన్నాయి.

ఇక్కడ ఒక చేదు నిజాన్ని కూడా చెప్పుకోవాలి. కొన్నిచోట్ల ఋణమే పోషణకు అడ్డు తగులుతున్నది. పాడి పశువు కోసం అప్పు తీసుకున్న కుటుంబం ఉదయం, సాయంత్రం పితికిన పాలన్నీ సేకరణ కేంద్రంలో పోసివస్తుంది. వాయిదా కట్టాలి కదా! ఆ ఇంటి బిడ్డకు మాత్రం టీలో కలిపే పాలే మిగులుతాయి. కోళ్లు పెంచిన ఇంట గుడ్లు సంతకు పోతాయి. పెరటి మునగచెట్టు కాయలు అమ్ముడుపోతాయి, ఆకు నేల రాలుతుంది. పశువు వచ్చింది, ఆదాయం వచ్చింది, వాయిదా సక్రమంగా జమ అయింది. కాని బిడ్డ చేయి సన్నగానే ఉంది. అటువంటి ఋణాన్ని సఫలమైనదని లెక్కలలో వ్రాసుకోవచ్చునేమో గాని, మనస్సాక్షి ఒప్పుకోదు.

దీనికి పరిష్కారం కష్టమైనది కాదు. రోజుకు 6 లీటర్ల పాలిచ్చే గేదె నెలకు 180 లీటర్లు ఇస్తుంది. ఇంట్లోని గర్భిణికో బాలింతకో ఒక గ్లాసు, ఏడాది దాటిన బిడ్డకు ఒక గ్లాసు, గ్లాసుకు 200 మిల్లీలీటర్ల చొప్పున తీసిపెడితే నెలకు 12 లీటర్లు అవుతుంది. అంటే మొత్తంలో పదిహేనవ వంతు. ఋణ ప్రణాళిక తయారుచేసేటప్పుడే దాణాకు, పశు భీమాకు, మందులకు లెక్క వేసినట్లుగా ఈ పదిహేనవ వంతును ఇంటి వాడకం కింద ముందుగానే మినహాయించి, మిగిలిన పాల మీదనే వాయిదా మొత్తం నిర్ణయించాలని మా అభిప్రాయం. క్షేత్రాధికారులు ఈ వరుసను దరఖాస్తులో చేర్చడానికి వెనుకాడకూడదు. మీరు కూడా అడగడానికి మొగమాటపడవద్దు. పాలు పోసిన తరువాత మిగిలితే బిడ్డకు పోద్దామనుకుంటే అవి ఏనాటికీ మిగలవు.

గడప దాటి లోపలికి రావాలి

లక్షిత పోషణ కార్యక్రమాలు మన రాష్ట్రాలకు కొత్త కావు. సమగ్ర శిశు అభివృద్ధి పథకం 1975 అక్టోబరు 2న దేశంలో 33 బ్లాకులలో ప్రారంభమైంది. పిల్లలకు అంధత్వం రాకుండా విటమిన్ ఎ ద్రావణం ఇచ్చే జాతీయ కార్యక్రమం 1970లో మొదలయింది. తొమ్మిదవ నెలలో 1 లక్ష యూనిట్లు, ఆ తరువాత ప్రతి ఆరు నెలలకు 2 లక్షల యూనిట్లు, అయిదేళ్లు నిండేవరకు మొత్తం తొమ్మిది మోతాదులు. గర్భిణులకు నాలుగవ నెల నుంచి 180 రోజులు, కాన్పు తరువాత మరొక 180 రోజులు ఇనుము, ఫోలిక్ ఆమ్లం కలిసిన మాత్రలు ఉచితంగా లభిస్తున్నాయి. ఇన్ని ఉన్నప్పటికీ పైన చెప్పిన అంకెలు ఎందుకు అలాగే ఉన్నాయి?

కారణం చాలావరకు మన గడప లోపలే ఉంది. ఇంటికి ఇచ్చిన పిండి, గుడ్లు ఇంటిల్లిపాదికీ పంపిణీ అయిపోతున్నాయి. మాత్రలు అటక మీద మిగిలిపోతున్నాయి. మాత్ర వేసుకుంటే వికారంగా ఉందని, విరేచనం నల్లగా వచ్చిందని భయపడి మానివేస్తున్నారు. విరేచనం నల్లబడటం ప్రమాదం కాదు. అన్నం తిన్న తరువాత, రాత్రి పడుకునే ముందు వేసుకుంటే వికారం తగ్గుతుంది. నిమ్మరసంతోనో ఉసిరికాయతోనో వేసుకుంటే ఇనుము బాగా వంటబడుతుంది. భోజనంతోపాటు టీ, కాఫీ తాగితే ఆ ఇనుము వృథా అవుతుంది. కడుపులో బిడ్డ మరీ లావైతే కాన్పు కష్టమవుతుందనే అపోహతో గర్భిణికి ఆహారం తగ్గించే ఆచారం ఇంకా కొన్నిచోట్ల ఉంది. బరువు తక్కువగా పుట్టిన బిడ్డ బ్రతకడమే కష్టమనే సంగతిని పెద్దవారు గ్రహించాలి.

ఇంటికిచ్చిన ఆహారం చేరవలసినవారికి చేరడం లేదని గ్రహించిన తరువాతనే, తెలంగాణలో 2015 జనవరిలో ప్రారంభించిన ఆరోగ్యలక్ష్మి పథకంలో గర్భిణులకు, బాలింతలకు అంగన్‌వాడీ కేంద్రంలోనే కూర్చోబెట్టి ఒక పూట పూర్తి భోజనం, గుడ్డు, 200 మిల్లీలీటర్ల పాలు ఇచ్చే పద్ధతి పెట్టారు. అంతకుముందు ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఇందిరా క్రాంతి పథం కింద మహిళా సంఘాలు స్వయంగా పోషకాహార కేంద్రాలు నడిపాయి. తల్లులు అక్కడే భోంచేసి, ఖర్చులో తమ వంతును తరువాత సంఘానికి చెల్లించేవారు. పొదుపు, ఋణం, పోషణ ఒకే గొడుగు కిందికి రాగలవని ఆ మహిళలు చూపించారు. అయితే అక్కడికి వెళ్లి తినడానికి పని మధ్యలో గంట సమయం కావాలి. కూలికి వెళ్లిన మనిషికి ఆ గంట దొరకాలంటే పొలం యజమాని సమ్మతించాలి, ఇంట్లో అత్తగారు, భర్త సరేననాలి. అంగన్‌వాడీకి వెళ్లి తినడం నామోషీ అనే మాట ఏ ఇంట్లోనూ వినబడకూడదు. బ్యాంకులో రాయితీ తీసుకోవడం నామోషీ కానప్పుడు ఇది మాత్రం ఎందుకవుతుంది?

డీలర్ల బాధ్యత

ఈ విషయంలో వర్తక సోదరుల పాత్ర తక్కువేమీ కాదు. గ్రామంలో ఏ వస్తువు దొరుకుతుందో నిర్ణయించేది మీ దుకాణమే. అయోడిన్ లేని ఉప్పును తినడానికి అమ్మడంపై 2006 మే నుంచి నిషేధం అమలులో ఉంది. వినియోగదారునికి చేరే ఉప్పులో పది లక్షల భాగాలకు కనీసం 15 భాగాల అయోడిన్ ఉండాలి. కాని బస్తాను తడి నేల మీద, ఎండలో, మూతి విప్పి ఉంచితే అయోడిన్ పోతుంది. కల్లుప్పును కడిగి వాడే అలవాటు ఉన్న ఇల్లాలికి ఆ అలవాటు మానుకొమ్మని చెప్పవలసినది కూడా మీరే.

చౌకధరల దుకాణాల డీలర్లకు మరొక మాట. ఇనుము, ఫోలిక్ ఆమ్లం, విటమిన్ బి12 కలిపిన బలవర్ధక బియ్యం గురించి 2021 ఆగస్టు 15న ప్రకటన వెలువడిన తరువాత, దానిని దశలవారీగా రేషను ద్వారా పంపిణీ చేశారు. అందులో వందకు ఒక పాలు చొప్పున కలిపిన గింజలు రంగులో కొంచెం తేడాగా ఉంటాయి, కొన్ని నీటిలో తేలుతాయి. ప్లాస్టిక్ బియ్యమనే పుకారు పుట్టి ఆ గింజలను ఏరి పారవేసిన ఇండ్లున్నాయి. అటువంటి సమయంలో కార్డుదారునికి నాలుగు మాటలు వివరించి చెప్పగలిగినవారు తూకం వేసే మీరే. సికిల్ సెల్, తలసీమియా వంటి రక్త వ్యాధులు ఉన్నవారు మాత్రం ఇనుము విషయంలో వైద్యుని అడగవలసిందని కూడా చెప్పండి. కిరాణా వర్తకులు పిల్లల కంటికి ఎదురుగా వేలాడదీసే రంగుల పొట్లాల పక్కన పల్లీ చిక్కీ, వేయించిన సెనగలు, రాగిపిండి కూడా ఉంచితే వ్యాపారానికి నష్టం రాదు.

కొన్ని సందేహాలు

కొందరికే ప్రత్యేకంగా ఇవ్వడం మిగిలినవారికి అన్యాయం కాదా అని కొందరి ప్రశ్న. పొలమంతటికీ నీరు పెడతాం, కాని మందు తెగులున్న మడికే కొడతాం. రేషను బియ్యం అందరికీ ఉండవలసిందే. దానిపైన అవసరం ఎక్కువ ఉన్నవారికి అదనంగా ఇవ్వడమే న్యాయం.

మాత్రలు, పొడులు ఎంతకాలం, మన ఆహారమే బాగుపడకూడదా అని మరికొందరి ప్రశ్న. ఇందులో సత్యం ఉంది. జింకు పిచికారీ పశువుల ఎరువుకు ప్రత్యామ్నాయం కానట్లే, మాత్ర మంచి భోజనానికి ప్రత్యామ్నాయం కాదు. పెరట్లో మునగ, బొప్పాయి, తోటకూర, గోంగూర, పొలం గట్టున కంది పెంచుకోవాలి. ఆరు నెలలు నిండేవరకు తల్లిపాలు మాత్రమే, ఆ తరువాత తల్లిపాలతోపాటు మెత్తగా మెదిపిన పప్పన్నం, ఆకుకూర, గుడ్డు పెట్టాలి. అంతేకాదు, త్రాగునీరు, మరుగుదొడ్డి సరిగా లేని చోట పెట్టిన తిండి విరేచనాల పాలవుతుంది, పురుగుల పాలవుతుంది. అందుకే ప్రతి ఏటా ఫిబ్రవరి, ఆగస్టు నెలల్లో పిల్లలకు నులిపురుగుల మాత్ర ఇస్తున్నారు. కాని పెరటి తోట కాపుకు వచ్చేవరకు ఈనాటి గర్భిణి ఆగలేదు. ఆమెకు ఈనాడే మాత్ర కావాలి, ఈనాడే గుడ్డు కావాలి.

మీరు చేయగలిగినది

అంగన్‌వాడీలో రంగుల పట్టీ ఒకటి ఉంటుంది. ఆరు నెలల నుంచి అయిదేళ్లలోపు బిడ్డ జబ్బకు చుట్టి చూస్తే చాలు. 12.5 సెంటీమీటర్లకు తగ్గితే జాగ్రత్త పడాలి. 11.5 సెంటీమీటర్లకు తగ్గితే అది తీవ్రమైన పోషణ లోపం. ఆ బిడ్డను వెంటనే పోషణ పునరావాస కేంద్రానికి తీసుకువెళ్లాలి. పశువుల సంతలో గేదె పొదుగును, డొక్కను తడిమి చూసి వెల కట్టగల నేర్పు మీకుంది. మీ బిడ్డ జబ్బ కొలత ఎంతో కూడా తెలిసి ఉండాలి. ప్రధానమంత్రి మాతృవందన యోజన కింద మొదటి కాన్పుకు తల్లి ఖాతాలో జమ అయ్యే 5,000 రూపాయలను పాత అప్పుకు సర్దుబాటు చేయకుండా, ఆమె ఆహారానికే ఖర్చు పెట్టండి. మహిళా సంఘాల సమావేశంలో పొదుపు, వాయిదాల లెక్క చదివినప్పుడే ఊరిలో గర్భిణులు ఎందరు, వారు నెలలో ఎన్ని మాత్రలు వేసుకున్నారు అనే లెక్క కూడా చదవండి.

భూమికి భూసార పరీక్ష చేయిస్తున్నాం. విత్తనానికి శుద్ధి చేస్తున్నాం. పశువుకు టీకా వేయిస్తున్నాం. ఇవన్నీ అదను చూసి చేస్తున్నాం. వీటన్నిటినీ రేపు అనుభవించవలసిన బిడ్డకు మాత్రం తీరికయినప్పుడు చూద్దామంటే ఎట్లా? ఈసారి పాడి ఋణానికో పంట ఋణానికో దరఖాస్తు నింపేటప్పుడు, మీ ఇంట్లో రెండేళ్లలోపు బిడ్డ గాని, గర్భిణి గాని ఉంటే, ఆ సంగతి అధికారికి చెప్పండి. పాల లెక్కలో ఆ పదిహేనవ వంతును ముందే తీసి పక్కన పెట్టించండి. మిగిలినదానితోనే వాయిదా కడదాం.